కుట్లు విప్పే రోజు

ఆడకుక్కకి పిల్లలు పుట్టకుండా చేసే ఆపరేషను, చెయ్యి తిరిగిన డాక్టరుకి ముప్పావుగంట పని. ఆ తరవాత 10 నుంచి 14 రోజులు కుట్లని కాపాడటం అసలు పని. అది మా చేతిలో ఉండదు. ఇంట్లోవాళ్ల చేతిలో ఉంటుంది. అందుకే రాజమండ్రిలో నా క్లినిక్‌కి వచ్చినవాళ్లకి ఆపరేషను గురించి రెండు మాటలు చెప్పి, మెడకి కట్టే గరాటా గురించి పావుగంట చెప్తాను. పుస్తకాల్లో దాన్ని ఎలిజబెతన్ కాలర్ అంటారు. మా దగ్గరికి వచ్చేవాళ్లంతా గరాటా అనే అంటారు, మేమూ అంతే. కుక్క దాన్ని కట్టనివ్వదు. కట్టాక ఉంచుకోదు. ఉంచుకున్నట్టే కనిపించి, రాత్రి అందరూ పడుకున్నాక కొరుకుతుంది.

డ్రాయింగు మాస్టారు మొదటిసారి వచ్చినప్పుడు ఖర్చెంతవుతుందని అడగలేదు, నొప్పి ఉంటుందా అనీ అడగలేదు. ‘‘కుట్లు ఎన్నాళ్లకి విప్పుతారమ్మా?’’ అని అడిగారు.

ఆయన మున్సిపల్ హైస్కూల్లో చాలా ఏళ్లు డ్రాయింగు చెప్పి రిటైరయ్యారు. మా కాంపౌండరు ఆయన దగ్గరే చదువుకున్నాడు. గుమ్మంలో ఆయన్ని చూడగానే చేతిలో సిరంజి పక్కన పెట్టి లేచి నిలబడ్డాడు. ఏటా ఎనిమిదో తరగతి పిల్లల్ని వరసగా నడిపించుకుంటూ దామెర్ల రామారావు ఆర్ట్ గ్యాలరీకి తీసుకెళ్లి, ఒక్కో బొమ్మ ముందు నిలబెట్టి, రంగు కన్నా ముందు గీత చూడమనేవారట. 28 ఏళ్లు నిండకుండానే పోయిన మనిషి ఇన్ని బొమ్మలు ఎలా వేశాడో అని పిల్లలకన్నా ఆయనే ఎక్కువ ఆశ్చర్యపోయేవారని మా కాంపౌండరు చెప్తాడు.

కుక్క పేరు బంగారి. ఊరకుక్కే. గోధుమరంగు ఒళ్లు, నల్లమూతి, ఒక చెవి వాలి ఉంటుంది. మాస్టారి భార్య పోయిన ఏడు వానాకాలంలో వాళ్ల వీధి అరుగు మీదికి ఎక్కింది, మళ్లీ దిగలేదు. మొదటి కాన్పులో అయిదు పిల్లల్ని పెట్టింది. రెండు లారీ కింద పడ్డాయి, రెండు జబ్బుచేసి పోయాయి. బతికినదాన్ని ధవళేశ్వరంలో ఎవరో తీసుకెళ్లారు. కుక్కలు ఏడాదికి రెండుసార్లు ఎదకొస్తాయి, కడుపు నిలిస్తే 63 రోజులు అటూఇటుగా ఈనేస్తాయి. మళ్లీ ఆ అరుగు మీద అదే చూడలేనన్నారు మాస్టారు.

మున్సిపాలిటీవాళ్లకి చెప్తే వాళ్లే పట్టుకెళ్లి ఆపరేషను చేయిస్తారు, పట్టిన చోటే తెచ్చి వదులుతారు, 2023 నాటి కేంద్రం నియమాలు కూడా అదే చెప్తున్నాయి అని ఆయనకి చెప్పాను. ఆయన తల అడ్డంగా ఊపారు. ‘‘దీన్ని ఒకళ్లకి అప్పగించాలమ్మా. మా మేడ మీద అద్దెకున్నవాళ్లు ఉంచుకుంటామన్నారు. ఆపరేషనై, కుట్లు విప్పేశాక అన్నారు. వాళ్ల పాపకి పుండు చూస్తే కళ్లు తిరుగుతాయిట.’’

‘‘మీరెక్కడికైనా వెళ్తున్నారా మాస్టారూ?’’

‘‘ఒక ప్రయాణం ఉంది.’’

‘‘బెంగుళూరా సార్, అమ్మాయిగారి దగ్గరికా?’’ అన్నాడు మా కాంపౌండరు.

మాస్టారు బంగారి వాలుచెవి నిమురుతూ నవ్వారు. ఎంత తొందరగా కుదిరితే అంత తొందరగా చెయ్యమన్నారు. ఆ వారంలోనే చేశాను.

ఆపరేషను సాఫీగా జరిగింది. బొడ్డు కింద నడిమధ్య కోత, లోపలి పొరలకి కరిగిపోయే దారం, పైన చర్మానికి నైలాన్ కుట్లు. ఇంటికి పంపేటప్పుడు నేను అందరికీ చెప్పేదే ఆయనకీ చెప్పాను. కుక్క నాకితే పుండు మానుతుందని మనవాళ్లలో గట్టి నమ్మకం ఉంది. ఉమ్మిలో సూక్ష్మక్రిముల్ని చంపే గుణం కొద్దిగా ఉన్నమాట నిజమే, కానీ ఆ నోట్లో ఉండే క్రిములు దానికి ఎన్నో రెట్లు. తడి ఆరని గాయం అతుక్కోదు. నాలుక గరుకు. నాకుతూ నాకుతూ ముందుపళ్లు నైలాన్ ముడి మీదికి వెళ్తాయి, ఒక్క ముడి తెగితే పక్కది వదులవుతుంది. లోపలి పొర కూడా తెగి పేగులు బయటికొచ్చిన కుక్కల్ని ఈ టేబుల్ మీద చూశాను. అందుకే గరాటా తియ్యొద్దు, పరిగెత్తనివ్వొద్దు, మెట్లెక్కనివ్వొద్దు, స్నానం చేయించొద్దు.

మాస్టారు జేబులోంచి చిన్న డైరీ తీసి అన్నీ రాసుకున్నారు. రాసుకుని, ‘‘పదో రోజున విప్పేయొచ్చా, పద్నాలుగు ఆగాలా?’’ అని మళ్లీ అడిగారు. గాయాన్నిబట్టి అన్నాను.

దుకాణంలో దొరికే ప్లాస్టిక్ గరాటా పెట్టుకుని బంగారి మొదటిరోజంతా ఒకచోట నిలబడిపోయిందట. అదీ మామూలే. పక్కలు కనపడవు, చప్పుళ్లు వేరేగా వినపడతాయి, గుమ్మం తగులుతుంది, గిన్నె అందదు. దాని దృష్టిలో అదొక శిక్ష, ఎందుకు వేశారో తెలియని శిక్ష. మాస్టారు వెడల్పు తక్కువ గిన్నె తీసుకుని పీట మీద పెట్టి నీళ్లు తాగించారు. తినేటప్పుడు పక్కన కూచుని గరాటా తీసి, తిన్నాక మళ్లీ కట్టారు. సందుల్లో తగలకుండా కుర్చీలన్నీ గోడకి జరిపేశారు. నేను చెప్పనివి కూడా ఆయనకే తోచాయి.

మూడోరోజు పొద్దున్నే పేపర్లో పొట్లం కట్టుకుని వచ్చారు. విప్పితే ప్లాస్టిక్ ముక్కలు. వాటిని మా టేబుల్ మీద ఒక్కోటీ అతికినచోట అతికినట్టు పేర్చి, అంచు పొడుగునా ఎక్కడా లోటు లేదని నాకు చూపించారు. ‘‘ఏదీ మింగలేదమ్మా. లెక్క సరిపోయింది.’’ నాకు చాలా సంతోషమేసింది. కొరికిన ప్లాస్టిక్ ముక్క కడుపులోకి వెళ్తే పేగుకి అడ్డం పడుతుంది, దానికి ఇంకో ఆపరేషను కావాలి. ముక్కలు ఏరి లెక్క చూసే మనిషి నాకు అంతకుముందు తగల్లేదు.

కుక్క గరాటాని కొరుకుతోందంటే దాన్ని తిట్టి లాభం లేదు. ముందు గరాటాని చూడాలి. వదులుగా ఉంటే జారి వంగుతుంది, వంగిన అంచు దవడపళ్ల మధ్యకి వస్తుంది, వచ్చింది కొరకడం కుక్క స్వభావం. మెడకీ గరాటాకీ మధ్య రెండు వేళ్లు దూరేంత సందు ఉండాలి, అంతకు మించకూడదు. ముక్కు కొస దాటి అంగుళమో, అంగుళమున్నరో ఉంటే చాలు. మరీ పొడుగైతే నేలకి తగిలి మడత పడుతుంది, మరీ పొట్టిదైతే వీపు వంచి కుట్లు అందుకుంటుంది. బంగారి గరాటా మెడ దగ్గర వదులు, అంచు దగ్గర మెత్తన. కత్తిరించి, బిగించి, అంచు చుట్టూ ప్లాస్టరు వేసి ఇచ్చాను.

కొరకడానికి ఇంకో కారణం ఊసుపోకపోవడం. రోజూ వీధంతా తిరిగే పడుచుకుక్కని నాలుగుగోడల మధ్య కట్టేస్తే ఆ పళ్లకి పని కావాలి. లావాటి పచ్చి క్యారెట్ ఇవ్వమన్నాను. రబ్బరు బొమ్మలో పెరుగన్నం కూరి ఫ్రిజ్‌లో గట్టిపరచి ఇస్తే అరగంట గడిచిపోతుంది. ఉడికిన ఎముకలు మాత్రం ఇవ్వొద్దు, చీలికలై గుచ్చుకుంటాయి. చేదుమందు స్ప్రే కూడా ఇచ్చాను, గరాటా అంచుకి బయటివైపు మాత్రమే రాయాలి, పుండు దగ్గరికి పోనివ్వకూడదు. వీధిలో ఎవరో కారప్పొడి రాయమన్నారట. వద్దే వద్దన్నాను. కుక్క ముక్కు ఆ అంచుకి జానెడు దూరంలో ఇరవైనాలుగ్గంటలూ ఉంటుంది, ఆ మంట ముక్కుకీ కంటికీ ఎక్కుతుంది, అది కళ్లు తుడుచుకుందామన్నా కాళ్లు అందవు. ఫినాయిలూ కిరసనాయిలూ రాసేవాళ్లు కూడా ఉన్నారు. పిల్లులకైతే ఫినాయిలు నాకడం ప్రాణాంతకం.

చేదు కొన్ని కుక్కలకి పట్టదు. బంగారి అలాంటిది. చేదుమందుని నాకేసి మరీ అంచు కొరికింది.

అదీ రాత్రిపూటే. మాస్టారు దాని పక్కనే చాప వేసుకుని, గరాటా మీద చెయ్యి వేసుకుని పడుకునేవారు. ‘‘నేను కదిలితే లేస్తుందమ్మా. రాత్రి నాకు దగ్గుతెర వస్తుంది, అది లేచి కూచుంటుంది. లేచాక ఇంక ఆ పనే.’’

‘‘సార్, ఆ దగ్గు ఒకసారి చూపించుకోండి. చలికాలం ముదురుతోంది’’ అన్నాడు మా కాంపౌండరు.

‘‘చూపించానయ్యా’’ అన్నారు మాస్టారు. అని బంగారి తల నా వైపు తిప్పి, ఎడమకంట్లో కొంచెం ఎరుపు ఉన్నట్టుంది, చూడమన్నారు.

ఆ తరవాత ఒక తెల్లవారుజామున ఫోను. ఆయన కాసేపు కునుకు తీశారట. అంతలోనే గరాటా ఒక పక్క చీలిపోయింది, మూడు కుట్లు లేవు. ఆటోలో బంగారిని దుప్పట్లో చుట్టి ఒళ్లో పెట్టుకుని తెచ్చారు. మెట్లు ఎక్కడానికి ఆయాసపడుతుంటే మా కాంపౌండరు ఎదురెళ్లి అందుకున్నాడు. అదృష్టం, లోపలి పొర గట్టిగా ఉంది, చర్మమే విడిపోయింది. అయినా అంచులు వాచి, చీము పట్టడం మొదలైంది. మళ్లీ మత్తు ఇచ్చి, కడిగి, పాడైన అంచు తీసేసి, కొత్తగా కుట్లు వేశాను.

మాస్టారు టేబుల్ పక్కనే నిలబడి చూశారు. అంతా అయ్యాక అడిగారు. ‘‘మళ్లీ మొదటినుంచీ లెక్కేనా అమ్మా?’’

‘‘అంతే మాస్టారూ. ఈసారి పూర్తిగా 14 రోజులు. చర్మం ఒకసారి చెడింది కదా. ప్రయాణం వాయిదా వేసుకోగలరా? టికెట్టు మార్చుకుంటే సరిపోతుందా?’’

‘‘టికెట్టుదేముందమ్మా.’’

డైరీ తీశారు. ఒక తేదీ కొట్టేసి, ముందుకి రెండు కాగితాలు తిప్పి ఇంకోటి రాసుకున్నారు. తరవాత వరండాలోకి వెళ్లి ఎవరికో ఫోను చేశారు. మా కాంపౌండరు బయట దుప్పటి ఆరేస్తూ విన్నాడు. ‘‘లేదండి, ఈ వారం కుదరదండి... తెలుసండి, మీరు చెప్పారు... ఏం చెయ్యనండి, ఇంట్లో ఒక పేషెంటు ఉంది.’’

లోపలికొచ్చి మా కాంపౌండరు నవ్వుతూ చెప్పాడు, సార్ బంగారిని పేషెంటు అంటున్నారు మేడం అని. నాకూ ముచ్చటేసింది.

అంచు చుట్టూ గాలి నింపే మెత్తటి కాలర్ ఒకటి వస్తుంది, మెడచుట్టూ దిండు పెట్టుకున్నట్టు ఉంటుంది. అది పెట్టి చూశాం. మూతి పొట్టిగా ఉండే కుక్కలకి, వీపు మీద గాయమైనవాటికి అది బాగా పనికొస్తుంది. మన ఊరకుక్కల మూతి పొడుగు, నడుము విల్లు, పొట్టమీది కుట్లు సునాయాసంగా అందుకుంటాయి. మాస్టారు తన పాత బనీను తొడిగి, ముందుకాళ్లు చేతుల్లోంచి తీసి, వీపు మీద ముడి వేశారు. అది ముడి విప్పలేదు, పక్కన కొరికి చిల్లు చేసింది. ఇక నాకు పాతపద్ధతే గుర్తొచ్చింది.

ఇప్పుడు కుక్కల సామాను అమ్మే దుకాణాలు ప్రతి పేటలోనూ ఉన్నాయి. అవి లేని రోజుల్లో మన పశువుల డాక్టర్లు గరాటాకి వాడింది ఎక్స్‌రే ఫిల్ము. ఇంట్లో పాత ఫిల్ము ఉంటే తెమ్మనేవారు, దాన్ని గుండ్రంగా కత్తిరించి, ఒక పక్క చీల్చి, మెడచుట్టూ తిప్పి ప్లాస్టరు వేసేవారు. అది పాలియెస్టర్ రేకు. వంగుతుంది కానీ విరగదు, నున్నగా ఉంటుంది కాబట్టి పంటికి పట్టు దొరకదు. కాస్త వెలుగు కూడా లోపలికి వస్తుంది, కుక్క మరీ చీకట్లో ఉన్నట్టు బెదిరిపోదు. ఒక్కటే జాగ్రత్త, కత్తిరించిన అంచు కోసుకుంటుంది, దాన్ని మెత్తగా కప్పాలి. ఛాతీకి తీసే ఫిల్ము 14 అంగుళాలూ 17 అంగుళాలూ ఉంటుంది. బంగారి మెడకి ఒకటి చాలదు, రెండు కావాలి.

ఈ సంగతంతా చెప్పి, ‘‘ఇంట్లో పాత ఫిల్ములేమైనా ఉన్నాయా మాస్టారూ?’’ అన్నాను.

ఆయన కొంచెంసేపు ఆలోచించారు. ‘‘రెండున్నాయి’’ అన్నారు.

మర్నాడు తెచ్చిన గరాటాని మా కాంపౌండరు రెండు చేతులతో అందుకున్నాడు. నేను ఇన్నేళ్లలో అలాంటిది చూడలేదు. ముందు పేపరు మీద నమూనా గీసుకున్నారట. మెడపట్టీ నుంచి ముక్కు కొస దాకా దారంతో కొలిచి, దానికి అంగుళం కలిపి, మేకుకి దారం కట్టి రెండు వృత్తాలు గీశారు. రెండు ఫిల్ముల్నీ రెండంగుళాలు ఒకదాని మీద ఒకటి ఎక్కించి అతికారు. అతుకు లోపలా బయటా ప్లాస్టరు, మీద వరసగా కుట్టు. బయటి అంచంతా చీర ఫాల్ మడిచి కుట్టారు. వాళ్లావిడ కుట్టుపెట్టెలో మిగిలిన ఆకుపచ్చ ఫాల్ అది. మెడ దగ్గర దూది పెట్టి గాజుగుడ్డతో చుట్టారు. నాలుగు చీలికలు చేసి అందులోంచి బంగారి మామూలు మెడపట్టీ దూర్చారు, వెనక్కి జారకుండా.

పైకి కనిపించే పక్కన రెండు మోకాలి చిప్పలు తెల్లగా కనిపిస్తున్నాయి.

‘‘మా ఆవిడవి’’ అన్నారు. ‘‘మోకాళ్లనొప్పులు ఉండేవి. గోదావరి గట్టు దాకా నడవలేకపోయేది.’’

దాన్ని తెచ్చీ తేవడంతోనే బంగారి మెడకి వెయ్యలేదు. నేల మీద పెట్టి, లోపల ఉడికించిన కోడిగుడ్డు ముక్క పెట్టారు. బంగారి వాసన చూసింది, మూతి పెట్టింది, తీసింది. ఇంకో ముక్క. ఇంకొంచెం లోపలికి. నా ఓపీ అయిపోయే వేళకి అది తనంతట తనే తల దూర్చి, గుడ్డుముక్క కోసం మాస్టారి మొహంలోకి చూస్తోంది. అప్పుడు మెడపట్టీ బిగించారు. గరాటాని కుక్క మెడకి బలవంతంగా తగిలించేవాళ్లంతా ఆ గంట చూసి ఉంటే బాగుండేదని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది.

బంగారి మళ్లీ కొరకలేదు. మొదటి రెండు రోజులు ఫాల్ మీద పళ్లు ఆనించి చూసిందట, పట్టు దొరక్క వదిలేసిందట. ఆ తరవాత గరాటా అంచునే నేలకి ఆన్చి పడుకోవడం నేర్చుకుంది. నాలుగోరోజు చూపించడానికి తెచ్చినప్పుడు పుండు పొడిగా, గులాబీరంగులో ఉంది. ఫిల్ము మంచిదే, అంచు మెత్తనే, కొలత సరైనదే. అయితే ఆ కుక్క పక్కన మనిషి లేని క్షణం లేదు, అదీ కారణమే అని నేను గట్టిగా నమ్ముతాను. మాస్టారు బజారుకి కూడా వెళ్లడం మానేశారు. కూరలు మేడమీద పాప తెచ్చి ఇచ్చేది. ఆ పాప రోజూ అరుగు మీద కూచుని బంగారికి క్యారెట్ పట్టుకునేది, మాస్టారు ఆ పిల్లకి కుక్క బొమ్మ వెయ్యడం నేర్పేవారు. ఎలా పిలిస్తే వస్తుందో, ఉరిమితే ఏ మంచం కింద దూరుతుందో, ఏం తింటే పడదో, అన్నీ ఒక నోటుబుక్కులో రాసి ఆ పిల్లకి ఇచ్చారట.

మా కాంపౌండరు ఆ నమూనాని కార్డుబోర్డు మీద దించి గోడకి తగిలించాడు. ఆ నెలలో వచ్చిన లాబ్రడార్ ఒకదానికీ, పిల్లి ఒకదానికీ ఆ లెక్కనే చేసి కట్టాం, పిల్లికి ఫిల్ము బదులు మెత్తటి ఫెల్టుగుడ్డ వాడాం. రెండూ కొరకలేదు. వచ్చినవాళ్లు ఎవరు చేశారని అడిగితే మా కాంపౌండరు, మా డ్రాయింగు మాస్టారు అని గర్వంగా చెప్పేవాడు.

కుట్లు విప్పే రోజున మేడమీదవాళ్లు కూడా కలిసి వచ్చారు. పాప బంగారి తాడు తనే పట్టుకుంది. మాస్టారు ఉతికిన చొక్కా వేసుకున్నారు, బాగా చిక్కినట్టు కనిపించారు. రాత్రులు నిద్రలేక అనుకున్నాను. కుట్లన్నీ ఒక్కోటీ తీశాను. సన్నటి గీత మిగిలింది, వెంట్రుకలు పెరిగితే అదీ కనపడదు. ‘‘ఇక దీన్ని తీసుకెళ్లొచ్చు. పరిగెత్తించొచ్చు, స్నానం చేయించొచ్చు’’ అన్నాను. పాప చప్పట్లు కొట్టింది. మాస్టారు డైరీ తీసి ఆ రోజు ఎదురుగా టిక్కు పెట్టుకున్నారు.

మెడపట్టీ విప్పి గరాటా తీశాను. బంగారి ఒళ్లంతా దులుపుకుని, తాడు లాక్కుంటూ పాపతో బయటికి పరిగెత్తింది.

‘‘మాస్టారూ, దీన్ని మాకు ఇచ్చేయండి. వచ్చినవాళ్లకి చూపిస్తాం’’ అన్నాను. అంటూనే, పంటిగాట్లు ఎక్కడైనా పడ్డాయేమో చూద్దామని కిటికీ వెలుగుకి ఎత్తి పట్టుకున్నాను.

మోకాళ్లున్న సగం దాటి తిప్పాను. రెండో సగంలో పక్కటెముకలు. ఛాతీ ఫిల్ము. ఇన్నాళ్లుగా అది బంగారి మెడ కింద, నేలవైపే ఉంది, వెనక వెలుగు లేనిదే అందులో ఏముందో తెలియదు. మనుషుల ఫిల్ములు చదవడం నా పని కాదు, కానీ కుక్కల ఛాతీలు రోజూ చూసే కంటికి ఊపిరితిత్తిలో ఉండకూడనిది ఏదో తెలుస్తుంది. కుడివైపు పైన, తెల్లగా, నిమ్మకాయంత. గరాటా లోపలి వృత్తం దానికి వేలెడు దూరంలోంచి వంపు తిరిగి వెళ్లింది. బయటి వృత్తం కూడా ఒకచోట కొంచెం ఉబ్బి ఉంది, మూలనున్న అక్షరాలు తెగకుండా. మేకూ దారంతో అంత శుభ్రంగా గీసిన మనిషి గీత అక్కడొక్కచోటే పక్కకి జరిగింది.

మూలన మాస్టారి పేరు. వయసు 68. తేదీ, ఆయన మొదటిసారి నా క్లినిక్‌కి వచ్చి కుట్లు ఎన్నాళ్లకి విప్పుతారని అడిగిన దానికి ముందురోజుది.

మా కాంపౌండరు నా వెనక నిలబడి అదే చదివాడు. చేతిలో కత్తెర అలాగే పట్టుకుని ఉండిపోయాడు.

మాస్టారు చెయ్యి చాపారు.

‘‘మీకు ఇవ్వలేనమ్మా. మా ఆవిడ సగం ఉంచుకోండి, నా సగం విప్పి ఇవ్వండి. రేపు రత్నాచల్ రైల్లో విశాఖ ఆసుపత్రికి వెళ్తున్నాను. చేర్చుకునేటప్పుడు ఈ పాత ఫిల్ము తప్పకుండా తెమ్మన్నారు. ఇప్పటికే రెండుసార్లు రమ్మన్న తేదీకి వెళ్లలేదు, ఇది కూడా లేకుండా వెళ్తే కోప్పడతారు.’’